కూచిపూడి మేళం – మదరాసు స్టూడియో: తెలుగు సినిమాలో భాగవతుల కృషి (1939–1967)

వ్యాససంగ్రహం

కూచిపూడి చరిత్రను వివరించే రచనలు సాధారణంగా సిద్ధేంద్రయోగి సంప్రదాయంతో మొదలై, వేదాంతం లక్ష్మీనారాయణశాస్త్రి ఏకపాత్ర నృత్యకృషి మీదుగా, 1963లో వెంపటి చినసత్యం మదరాసులో స్థాపించిన కూచిపూడి ఆర్ట్ అకాడమీ వద్దకు చేరుకుంటాయి. ఈ క్రమంలో సుమారు మూడు దశాబ్దాలపాటు కూచిపూడి భాగవతులు తెలుగు సినిమాలో చేసిన పని ఒకటి రెండు వాక్యాలకే పరిమితమవుతోంది. 1939 నాటి 'రైతుబిడ్డ' నుంచి 1967 నాటి 'రహస్యం' వరకు ఉన్న కాలాన్ని తీసుకొని, మేళం అనే సామూహిక ప్రదర్శనవ్యవస్థ స్టూడియోలో ఏ విధంగా విడివడిందో, ఆ విడివడిన అంగాలు తిరిగి కూచిపూడి రంగస్థలాన్ని ఏ విధంగా ప్రభావితం చేశాయో వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: కూచిపూడి, మేళం, భాగవతులు, స్త్రీవేషం, నృత్యదర్శకత్వం, నేపథ్యగానం, యక్షగానం, తెలుగు సినిమా.

1. ఉపోద్ఘాతం

శాస్త్రీయ నృత్యానికీ సినిమాకూ పొత్తు కుదరదనే అభిప్రాయం తెలుగునాట బలంగా ఉంది. కె. విశ్వనాథ్ దర్శకత్వంలో 1983లో వచ్చిన 'సాగరసంగమం' ఈ అభిప్రాయానికి ప్రసిద్ధమైన కథారూపాన్ని ఇచ్చింది. అందులోని కథానాయకుడు శాస్త్రీయ నృత్యాన్ని ఉపాసించినవాడు. సినిమా నృత్యంలో ఇమడలేనివాడు. ఆ పాత్ర మీద ప్రేక్షకులకు కలిగిన సానుభూతి సహజమైనదే. కానీ ఆ కల్పితపాత్ర అనుభవాన్నే చారిత్రక సత్యంగా తీసుకుంటే కూచిపూడి విషయంలో పెద్ద పొరపాటు జరుగుతుంది. ఎందుకంటే కృష్ణా జిల్లా మొవ్వ మండలంలోని ఆ చిన్న గ్రామం నుంచి వెళ్ళిన వేదాంతం రాఘవయ్య, పసుమర్తి కృష్ణమూర్తి, వెంపటి పెదసత్యం, వెంపటి చినసత్యం మొదలైనవారు సినిమాలో పనిచేస్తూనే తమ విద్యను కొనసాగించారు. వారి సినిమా సంవత్సరాలను 'జీవనోపాధి కోసం చేసిన పని'గా పక్కనపెడితే, ఇరవయ్యవ శతాబ్ది కూచిపూడి రూపపరిణామంలోని ఒక ప్రధాన దశ మనకు కనిపించకుండా పోతుంది.

ఈ వ్యాసానికి ఎంచుకున్న కాలపరిధి యాదృచ్ఛికమైనది కాదు. గూడవల్లి రామబ్రహ్మం దర్శకత్వంలో 1939లో వచ్చిన 'రైతుబిడ్డ'లో వేదాంతం రాఘవయ్య దశావతార శబ్దాన్ని తెరమీద ప్రదర్శించారు. 1967లో ఆయనే దర్శకుడిగా తీసిన 'రహస్యం'లో 'గిరిజాకల్యాణం' అనే యక్షగానం ఉంది. ఒకే భాగవతుడు మొదట నర్తకుడిగా, చివర దర్శకుడిగా ఈ కాలానికి రెండు కొసలుగా నిలుస్తున్నారు.

2. మేళం: నిర్మాణం, స్వభావం

సినిమా ఏమి మార్చిందో తెలియాలంటే ముందుగా మేళం స్వరూపం తెలియాలి. కూచిపూడి ప్రదర్శన మూలతః సమష్టికళ. వేదాంతం, వెంపటి, చింతా, పసుమర్తి, భాగవతుల, మహంకాళి మొదలైన ఇంటిపేర్ల కుటుంబాలకు చెందిన పురుషులే అందులో పాల్గొనేవారు. బాల్యంలోనే శిక్షణ మొదలయ్యేది. పాటను, అడుగును, వాచికాన్ని వేరువేరు విద్యలుగా కాక ఒకే విద్యగా నేర్చుకునేవారు.

మేళానికి సూత్రధారుడు కేంద్రం. అతడు నట్టువాంగం పడతాడు, పాడతాడు, పాత్రలను ప్రవేశపెడతాడు, వాటితో సంభాషిస్తాడు, అవసరమైనచోట హాస్యం పలికిస్తాడు. 'భామాకలాపం'లో సత్యభామ ఎదుట మాధవిగానూ, శ్రీకృష్ణుని ఎదుట మాధవుడుగానూ వ్యవహరించేది కూడా అతడే. వేషం మార్చుకోకుండానే పాత్ర లింగం మారుతుంది. ప్రేక్షకుడు దానిని ప్రశ్నించకుండా అంగీకరిస్తాడు. సత్యభామ వేషం ధరించిన పురుషుడు తెరవెనుక నుంచి జడను ముందుకు వేసి, ప్రవేశదరువుతో తనను తాను పరిచయం చేసుకుంటాడు. తానే పాడుతూ, తానే మాట్లాడుతూ, తానే అభినయిస్తాడు.

ఇక్కడ గుర్తించవలసిన లక్షణాలు మూడు. మొదటిది, గాత్రమూ దేహమూ ఒకే నటునిలో ఉండడం. రెండవది, గురువు ప్రేక్షకుల కళ్ళెదుట, రంగం మీదనే ఉండడం. మూడవది, స్త్రీపాత్రను పురుషుడు ధరించడం. స్టూడియోలో మార్పుకు లోనైనవి ఈ మూడే.

3. మదరాసు ప్రయాణం

ఇరవయ్యవ శతాబ్ది పూర్వార్ధంలో భాగవతమేళాలకు ఆధారంగా ఉన్న గ్రామీణపోషణ క్రమంగా బలహీనపడింది. నాటకసమాజాలు, ఆపైన సినిమా ప్రేక్షకులను ఆకర్షించాయి. 1953లో ఆంధ్రరాష్ట్రం ఏర్పడేవరకు తెలుగు జిల్లాలకూ మదరాసే రాజధాని. తెలుగు చిత్రనిర్మాణం చాలాకాలం అక్కడే కేంద్రీకృతమై ఉంది. కాబట్టి కూచిపూడి యువకులకు మదరాసు ఉపాధి లభించే నగరం, ఇతర నృత్యసంప్రదాయాలు పరిచయమయ్యే నగరం కూడా. 1929లో జన్మించిన వెంపటి చినసత్యం 1947లో మదరాసు చేరి, తనకంటే ముందే అక్కడ స్థిరపడిన వెంపటి పెదసత్యం వద్ద ఉండి సినిమాలలో సహాయకుడిగా పనిచేశారు.

ఈ బృందం సాధించిన స్థానాన్ని చిత్రాలే చెబుతాయి. వేదాంతం రాఘవయ్య నృత్యదర్శకత్వం నుంచి చిత్రదర్శకత్వానికి ఎదిగి 'దేవదాసు' (1953), 'అనార్కలి' (1955), 'సువర్ణసుందరి' (1957) వంటి చిత్రాలు తీశారు. పసుమర్తి కృష్ణమూర్తి 'పాతాళభైరవి' (1951), 'మల్లీశ్వరి' (1951), 'మాయాబజార్' (1957) చిత్రాలకు నృత్యదర్శకులు. వెంపటి పెదసత్యం 'నర్తనశాల' (1963)కు నృత్యదర్శకులు. తెలుగు సినిమాలో ఉత్తమమైనవిగా ఈనాటికీ చెప్పుకునే చిత్రాలలో ఎన్నింటికో నడకను, నిలుపును, చూపును దిద్దినవారు ఒకే గ్రామానికి చెందినవారు కావడం గమనార్హం.

ఇదే కాలంలో ప్రపంచంలో మరొకచోట జరిగిన ఒక ప్రయత్నంతో దీనిని పోల్చి చూడవచ్చు. అమెరికన్ నృత్యదర్శకుడు జాక్ కోల్ భరతనాట్యపు కదలికలను అభ్యసించి, వాటిని జాజ్ సంగీతంతో మేళవించి ప్రత్యేక శైలిని రూపొందించారు. 1940లలో కొలంబియా పిక్చర్స్ సంస్థలో ఆయన శిక్షణలో ఒక స్థిరమైన నర్తకబృందం పనిచేసింది. 'గిల్డా' (1946), 'జెంటిల్మెన్ ప్రిఫర్ బ్లాండ్స్' (1953) వంటి చిత్రాలలో రీటా హేవర్త్, మార్లిన్ మన్రోల నృత్యాలుగా లోకం గుర్తుంచుకున్నవాటి వెనుక ఆయన శ్రమ ఉంది. హాలీవుడ్‌లో స్టూడియోయే తనకు కావలసిన బృందాన్ని తయారుచేసుకుంది. మదరాసులో అందుకు భిన్నంగా, బాల్యం నుంచే శిక్షణ పొందిన ఒక బంధువర్గం స్టూడియోకు చేరింది. స్టూడియో ఆ వర్గంలోని ఒక్కొక్కరిని ఒక్కొక్క పనికి నియోగించింది. తెరమీద కనిపించే తారకు కీర్తి దక్కడం, నేర్పినవారి పేరు ప్రారంభనామావళిలో క్షణకాలం మెరిసి మాయం కావడం మాత్రం రెండుచోట్లా సమానమే.

4. స్టూడియోలో మేళం విడివడిన తీరు

సినిమా ప్రక్రియకు శ్రమవిభజన ప్రాణం. నేపథ్యగానం స్థిరపడిన తరువాత పాటను ముందుగా గాయకులతో రికార్డు చేయడం, దానిని సెట్‌లో వినిపిస్తూ నటీనటులతో అభినయింపజేయడం పద్ధతిగా మారింది. దీనితో మేళంలో ఒకే దేహంలో ఉన్న విద్యలు వేరువేరు వ్యక్తులకు చెందాయి. గాత్రం పి. లీల, పి. సుశీల, ఘంటసాల వంటి గాయకులకు, దేహం నటీమణికి, సాహిత్యం గీతరచయితకు, లయనిర్ణయం సంగీతదర్శకునికి చెందాయి. సూత్రధారుని వంటి గురువుకు మిగిలింది కెమెరా పక్కన స్థానం.

కాలపరిమాణం కూడా మారింది. రాత్రంతా సాగే కలాపంలో ఒక దరువును నటుడు తన మనోధర్మాన్ని బట్టి, ప్రేక్షకుల స్పందనను బట్టి విస్తరించవచ్చు. సినిమా పాట కొద్ది నిమిషాలలో ముగియాలి. ముందే రికార్డయిన పాటలో సంచారిభావాలకు అవకాశం స్వరకర్త నిర్ణయించినంతే. ఈ పరిమితి వల్ల మనోధర్మం నష్టపోయింది. అయితే ఒక భావాన్ని క్లుప్తంగా, స్పష్టంగా, లెక్కకు తగినట్లు కూర్చే నేర్పు పెరిగింది.

దృష్టికోణంలోని మార్పు మరింత ముఖ్యమైనది. కాగడాల వెలుగులో, బహిరంగప్రదేశంలో దూరంగా కూర్చున్న ప్రేక్షకునికి అభినయం చేరాలంటే అంగవిక్షేపం విస్తారంగా ఉండాలి. కెమెరా ముఖానికి చేరువగా వెళ్ళగలదు. కనుబొమ కదలికకే అర్థం వస్తుంది. అదే సమయంలో పాదం చట్రంలోంచి తప్పిపోతుంది. ముఖాభినయానికి కెమెరా ఇచ్చిన ప్రాధాన్యం పాదవిన్యాసం నుంచి తీసుకున్నదే. ఈ కాలపు నృత్యసన్నివేశాలలో నర్తకి పూర్తిదేహం కనిపించే షాట్లకు, ముఖం మాత్రమే కనిపించే షాట్లకు ఉన్న నిష్పత్తిని పరిశీలిస్తే, ఏ పాటను నృత్యంగా భావించి తీశారో, ఏ పాటను నటిని చూపడానికి తీశారో తెలుస్తుంది.

5. స్త్రీవేషం నుంచి నటీమణికి

తెరమీద స్త్రీపాత్రను స్త్రీయే ధరించడంతో కూచిపూడి స్త్రీవేషానికి అక్కడ చోటు లేకపోయింది. కానీ స్త్రీవేషం వెనుక ఉన్న జ్ఞానం ఆ కారణంగా అంతరించలేదు. రెండు చిత్రాలు ఇందుకు నిదర్శనాలు.

'మాయాబజార్'లో ఘటోత్కచుడు శశిరేఖ రూపం ధరిస్తాడు. ఆ మాయాశశిరేఖను అభినయించినది సావిత్రి. అంటే స్త్రీదేహంలో దాగిన పురుషుని, అందులోనూ రాక్షసుని, ఒక స్త్రీ చూపించవలసి ఉంది. కూచిపూడిలో పురుషుడు సత్యభామ కావడానికి ఇది సరిగ్గా తలక్రిందులైన స్థితి. పెళ్ళి తలపుతో మాయాశశిరేఖ ఆడే పాటలో సుకుమారమైన నడక హఠాత్తుగా బిగుసుకుంటుంది; భుజాలు విచ్చుకుంటాయి; సుశీల గాత్రం మధ్యలో ఘంటసాల గాత్రం తొంగిచూస్తుంది. మరుక్షణం లాస్యం తిరిగి వస్తుంది. మాధవి మాధవుడిగా, మాధవుడు మాధవిగా మారే సంప్రదాయంలో పెరిగిన పసుమర్తి కృష్ణమూర్తి ఆ చిత్రానికి నృత్యదర్శకులు కావడం ఇక్కడ గుర్తుంచుకోవాలి. సావిత్రి ప్రతిభను ఈ విషయం తగ్గించదు; ఆ ప్రతిభకు అందుబాటులో ఉన్న దేహభాష ఎక్కడిదో చెబుతుంది.

'నర్తనశాల' మరొక దిశలో నడుస్తుంది. అజ్ఞాతవాసంలో అర్జునుడు బృహన్నలగా విరాటుని కుమార్తె ఉత్తరకు నాట్యం నేర్పుతాడు. ఎన్.టి. రామారావు బృహన్నలగా, ఎల్. విజయలక్ష్మి ఉత్తరగా నటించిన ఈ చిత్రానికి కమలాకర కామేశ్వరరావు దర్శకులు. స్త్రీత్వాన్ని ధరించిన పురుషుడు ఒక యువతికి గురువై నాట్యం నేర్పడం మహాభారతకథ. అదే సమయంలో, స్త్రీవేషాలు కట్టే వంశాలలో పుట్టి మదరాసులో యువతులకు అడుగులు నేర్పుతున్న కూచిపూడి గురువుల వాస్తవస్థితి కూడా అదే. బృహన్నల పాత్రను వెక్కిరింతగా కాక గాంభీర్యంతో చూపడం ఈ చిత్రం ప్రత్యేకత. తెరవెనుక వెంపటి పెదసత్యం చేసిన పనినే తెరమీద బృహన్నల చేస్తున్నట్లుగా ఈ చిత్రాన్ని చదవవచ్చు.

ఇక్కడ మరొక చారిత్రక సందర్భాన్ని విస్మరించరాదు. కృష్ణా, గోదావరి డెల్టా ప్రాంతాలలో కళావంతులైన స్త్రీలు పదాలను, జావళీలను, కలాపాలను తరతరాలుగా ప్రదర్శించారు. 1947 నాటి మదరాసు దేవదాసీ చట్టం, దానికి ముందునుంచీ సాగిన సంస్కరణోద్యమం వారి ప్రదర్శనాజీవితానికి అడ్డుకట్ట వేశాయి. స్త్రీ నృత్యానికి గౌరవస్థానం ఏర్పడుతున్న కాలంలోనే, అంతవరకు నృత్యాన్ని నిలిపిన స్త్రీలు ఆ స్థానం నుంచి తప్పుకోవలసి వచ్చింది. గురుస్థానం పురుషులైన భాగవతులకు, నర్తకీస్థానం కొత్త తరగతి యువతులకు లభించింది. సినిమా ఈ మార్పును సృష్టించలేదు. కానీ దానిని లక్షలమంది ప్రేక్షకుల కళ్ళకు అలవాటు చేసింది. కూచిపూడి సినిమాచరిత్రను భాగవతుల విజయగాథగా మాత్రమే చెప్పడం అందుకే అసమగ్రం.

6. తెరమీద మళ్ళీ మేళం: 'గిరిజాకల్యాణం'

యక్షగానాన్ని కథలో భాగంగా చూపే ప్రయత్నం 'మల్లీశ్వరి'లోనే ఉంది. శ్రీకృష్ణదేవరాయల కాలపు కథగా బి.ఎన్. రెడ్డి తీసిన ఆ చిత్రంలో 'ఉషాపరిణయం' యక్షగానం చోటుచేసుకుంది. అయితే ఈ ప్రయత్నానికి పరాకాష్ఠ 'రహస్యం'లోని 'గిరిజాకల్యాణం'. దీనిని మల్లాది రామకృష్ణశాస్త్రి రచించారు. ఘంటసాల సంగీతం కూర్చారు. రచయిత 1965లో మరణించారు; చిత్రం 1967లో విడుదలైంది.

విడివిడి పాటలుగా కాకుండా దరువులు, పద్యాలు, సంవాదాలు ఒక అల్లికగా సాగే రచన ఇది. స్టూడియో విడదీసిన గాత్రం, దేహం, సాహిత్యం ఇందులో యక్షగాన నియమానికి లోబడి మళ్ళీ ఒకచోట చేరాయి. గాయకులు వేరు, నర్తకులు వేరు అయినప్పటికీ కథనానికి ఆధారం మేళమే. చిత్రం ఆర్థికంగా విజయం సాధించలేదు. 'గిరిజాకల్యాణం' మాత్రం చిత్రం నుంచి విడివడి శ్రోతల స్మృతిలో స్వతంత్రరచనగా నిలిచింది. ఒక సినిమాపాటగా కంటే యక్షగానంగా అది గుర్తుండిపోవడం రాఘవయ్య ప్రయత్నానికి దక్కిన అసలైన ఫలితం.

7. స్టూడియో నుంచి రంగస్థలానికి

1958లో కేంద్ర సంగీత నాటక అకాడమీ ఢిల్లీలో నిర్వహించిన నృత్యసదస్సులో కూచిపూడి స్వతంత్ర శాస్త్రీయత చర్చకు వచ్చింది. మరుసటి సంవత్సరం హైదరాబాదులో రాష్ట్ర అకాడమీ ఆధ్వర్యంలో నాట్యసదస్సు జరిగింది. ఈ చర్చలలో ప్రాచీనత, శాస్త్రగ్రంథానుసారిత ప్రధానాంశాలు కాబట్టి, సినిమాతో ఉన్న అనుబంధాన్ని చెప్పుకోవడానికి ఆ సందర్భం అనుకూలించలేదు. తరువాతి చరిత్రరచనలోని మౌనానికి ఇది ఒక కారణమని భావించవచ్చు.

కానీ ఆచరణలో సంబంధం తెగలేదు. 'నర్తనశాల' విడుదలైన 1963లోనే చినసత్యం మదరాసులో కూచిపూడి ఆర్ట్ అకాడమీని స్థాపించారు. ఎస్.వి. భుజంగరాయశర్మ రచనలతో ఆయన రూపొందించిన నృత్యనాటకాలలో స్త్రీలే ప్రధానపాత్రలు ధరించారు. నర్తకి పాడదు, వాద్యబృందంతో కూర్చున్న గాయకులు పాడతారు. సినిమారంగంలో ఘంటసాలకు సహచరుడిగా పనిచేసిన పట్రాయని సంగీతరావు ఈ అకాడమీ నృత్యనాటకాలకు దశాబ్దాలపాటు సంగీతం సమకూర్చారు. నిర్ణీత వ్యవధి, ముందే కుదుర్చుకున్న సంగీతం, గాత్రానికీ దేహానికీ మధ్య విభజన, సమూహనర్తనంలో తీర్చిదిద్దిన అమరిక అనే ఈ లక్షణాలు స్టూడియో పనితీరుకు దగ్గరివి. వీటన్నిటికీ సినిమాయే ఏకైక కారణమని చెప్పడం అతిశయోక్తి అవుతుంది. ఆధునిక రంగస్థలం, భరతనాట్య కచ్చేరీ పద్ధతి కూడా ప్రభావం చూపాయి. అయితే సినిమాను మినహాయించి ఈ మార్పును వివరించడం సాధ్యం కాదు.

చినసత్యం శిష్యురాలు మంజుభార్గవి 'శంకరాభరణం'లో నటించడంతో ఈ రాకపోకలు తరువాతి తరంలోనూ కొనసాగాయి.

8. ఆధారంగా సినిమా

తెలుగువారికి స్వంత దూరదర్శన్ కేంద్రం 1977లో గాని హైదరాబాదులో రాలేదు. అమెరికాలో జాక్ కోల్ తరం నర్తకులను సినిమాతోపాటు టెలివిజన్ కూడా చిత్రీకరించింది. 1940, 50లలో కూచిపూడి గురువులు కూర్చిన కదలికలకు మనకు మిగిలిన దృశ్యసాక్ష్యంలో అధికభాగం కథాచిత్రాలలోనే ఉంది. వాటిని పరిశోధనాధారంగా వాడేటప్పుడు మూడు జాగ్రత్తలు అవసరం. కూర్పులో షాట్లు ముందువెనుకలు కావచ్చు కాబట్టి జతుల వరుసను తెరమీద ఉన్నట్లే యథాతథంగా స్వీకరించరాదు. నామావళిలో ఒకరి పేరే ఉన్నా సహాయకుల పని అందులో కలిసి ఉంటుంది. ఆనాటి నర్తకీమణులలో పలువురు భరతనాట్య శిక్షణ పొందినవారు కాబట్టి ఒకే పాటలో రెండు సంప్రదాయాల అడుగులు కలిసి ఉండవచ్చు. ఏది ఎవరిదో నిర్ణయించడానికి నేటి గురువులతో కలిసి చిత్రాన్ని చూడడం అవసరం.

9. ముగింపు

పై పరిశీలన వల్ల తేలిన అంశాలు:

1. కూచిపూడి మేళంలోని గాత్రదేహాల ఐక్యత, గురువు ప్రత్యక్షస్థానం, పురుషుని స్త్రీవేషం అనే మూడు మూలలక్షణాలూ స్టూడియో శ్రమవిభజనలో మార్పు చెందాయి.

2. స్త్రీవేషం తెరమీదనుంచి తొలగినా, దాని వెనుక ఉన్న అభినయజ్ఞానం 'మాయాబజార్', 'నర్తనశాల' వంటి చిత్రాలలో నటీనటుల దేహభాషగా కొనసాగింది.

3. 'గిరిజాకల్యాణం' విడివడిన మేళాన్ని యక్షగాన రూపంలో తెరమీద తిరిగి కూర్చిన ప్రయత్నం.

4. 1963 తరువాతి కూచిపూడి నృత్యనాటకం స్టూడియో అనుభవం నుంచి సంగీతజ్ఞులను, పనిపద్ధతిని స్వీకరించింది.

5. ఈ చరిత్రలో కళావంతుల స్థానభ్రంశాన్ని కూడా లెక్కలోకి తీసుకోవాలి.

పాత చిత్రాల ప్రతులు శిథిలమవుతున్నాయి. ఆ సెట్‌లలో పనిచేసిన తరం దాదాపు వెళ్ళిపోయింది. తెలుగు, నాట్య, చలనచిత్ర శాఖల పరిశోధకులు కలిసి ఒక్కొక్క చిత్రంలోని నృత్యసన్నివేశాలను గుర్తించి, కూర్చినవారి పేరు, సహాయకుల పేర్లు, సంప్రదాయమూలం నమోదు చేసే వివరణాత్మక సూచిక తయారుచేయడం తక్షణ కర్తవ్యం. ఆ సూచిక ఉంటేనే తారల పేరుతో గుర్తున్న అడుగులను అవి నేర్పిన గురువుల పేరుతో కూడా గుర్తించగలుగుతాం.